పుదీనా ఖాలా గొంతు

ఆ రోజుల్లో నాకు రాయడం రాకపోవడానికి పెద్ద కారణమేమీ లేదు. కిషన్‌బాగ్‌లో బడికి పోవలసిన వయసంతా నా చంకలో ఒక తమ్ముడు ఉండేవాడు. ఒకడు దిగేసరికి ఇంకొకడు ఎక్కేవాడు. తర్వాత సిగ్గు ఎక్కింది, అది మాత్రం చాలా ఏళ్లు దిగలేదు. టీవీకి నేరాల కార్యక్రమం తయారుచేసే చిన్న ఆఫీసులో ఊడ్చే పనికి చేరి, ఎడిటర్ అన్న వెనుక నిలబడి చూస్తూ చూస్తూ ఎడిటింగ్ నేర్చుకున్నాను. మీటల మీద రంగు స్టిక్కర్లు అంటించుకున్నాను. ఏడుపేదో దగ్గేదో తెర మీద శబ్దం గీతలు చూసి చెప్పేదాన్ని. (చీటీలు ఇస్తే మాత్రం చదివినట్టు తల ఊపేదాన్ని. అందులో ఏముందో కాసేపటికి ఎవరో ఒకరు పైకి అనేవారు.)

ఒకసారి అఫ్జల్‌గంజ్ బస్టాపులో గొలుసు దొంగను చూసిన సాక్షిగా మా గల్లీలో పుదీనా అమ్మే ఖాలా (అంటే పిన్ని, గల్లీ అంతటికీ) వచ్చింది. ఆ దొంగకు సొంత అన్న ఆమె ఇంటి వెనుకే ఉంటాడు. "నన్ను ఎవ్వలు గుర్తు పట్టొద్దు బేటీ, పడితే గల్లీల బతకనియ్యరు. సమజైందా?" అని నా దగ్గర మాట తీసుకున్నాకే కెమెరా ముందు కూర్చుంది. (ఆమె ఏం చెప్పినా చివర 'సమజైందా' ఉండాల్సిందే, ఎదుటివాళ్లకు అర్థమైనా కాకపోయినా.) ఎడిటర్ అన్న ఒక చీటీ నా బల్ల మీద పెట్టి పెళ్లిచూపులకు పోయాడు. అందులో రెండు వరుసలు. మొదటిది మొహం దాచమని, రెండోది త్వరగా పంపమని అనుకున్నాను, ఆయన ఎప్పుడూ తొందరపెట్టే మనిషే కాబట్టి. రోజంతా కూర్చుని ఖాలా మొహం మసక చేశాను. ముక్కుపుడక మెరుపు కూడా వదల్లేదు.

సాయంత్రం ఇంటిల్లిపాదినీ టీవీ ముందు కూర్చోబెట్టాను. అమ్మ టీవీకి వీపు పెట్టి చిక్కుడుకాయలు తుంచుతోంది. తెర మీద మసక మొహం మాట్లాడటం మొదలుపెట్టింది. అమ్మ తల కూడా తిప్పలేదు. "గిది మన పుదీనా ఖాలానే గద" అంది.

చీటీలో రెండో వరుస ఏమిటో నాకు అప్పుడు చదవకుండానే అర్థమైంది.

మర్నాడు పొద్దున తొమ్మిదికి అదే కార్యక్రమం మళ్లీ వస్తుంది. అందరికంటే ముందు ఆఫీసుకు పోయి, ఎడిటర్ అన్న రాగానే చీటీ చేతిలో పెట్టాను. "అన్నా, నాకు చదువు రాదు. ఇది జర చదువు." ఆ రెండు మాటలూ దారి పొడుగునా అనుకుంటూ వచ్చాను. ఆయన చీటీ తీసుకున్నాడు. "నాలుగేండ్ల సంది తల ఊపుతున్నవ్ గద చెల్లె" అన్నాడు. తర్వాత చదివాడు. మొహం మసక, గొంతు మార్పు. ఇద్దరం కూర్చుని ఖాలాకు మగ గొంతు పెట్టి, సమజైందాలన్నీ కోసేసి, కొత్త కాపీ పంపాం.

పదింటికి అమ్మ ఫోన్ చేసింది. గల్లీలో ఒకటే లొల్లి అట. సాయంత్రం చూసినవాళ్లు ఖాలా అంటున్నారు, పొద్దున చూసినవాళ్లు ఎవరో పహిల్వాన్ అంటున్నారు. ఖాలా కట్టలు కడుతూనే, "గది మొగోని గొంతు. నాది గట్లుంటదా? సమజైందా?" అని తీర్పు చెప్పేసిందట. ఆ దొంగ వాళ్లన్న కూడా రెండు కట్టలు కొనుక్కుని పోయాడట.

ఫోన్ పెట్టేసి, చీటీ వెనక్కి తిప్పి, ఎడిటర్ అన్నను ఒక్క మాట రాసిమ్మన్నాను. అందరూ 'అ'తో మొదలుపెడతారు, నేను 'గొంతు'తో మొదలుపెట్టాను. నా మొదటి సున్న చీటీలో పట్టక బల్ల మీదికి పోయింది.