రాసింది మా రూతక్క

మా చిన్నప్పుడు బోధన్‌లో ఒక రాక్ బ్యాండ్ ఉండేదంటే ఇప్పటి పిల్లలు నవ్వుతారు... నవ్వండి. ఉండేది! నలుగురు. చర్చి వెనక రేకుల షెడ్డులో ప్రాక్టీసు. చర్చి యువజనుల్లో ముగ్గురు అన్నలు గిటారు, డ్రమ్ములు వాయిస్తే, పాటలు రాసి పాడేది మా అక్క రూతు. పేరు 'పిప్పి బ్యాండ్'. మా ఊరి చక్కెర ఫ్యాక్టరీలో రసం తీశాక మిగిలే చెరుకు పిప్పి... ఆ పేరు కూడా అక్క పెట్టిందే.

"గివి పాటలా, రేకుల మీద రాళ్లవానా?" అని పెద్దలు కసురుకునేవారు. అయినా ఫ్యాక్టరీ కూత మీద కట్టిన 'సైరన్ కూసింది' పాటకు రుద్రూర్ దాకా పిల్లలు ఊగిపోయారు. తర్వాత 'కరెంటు రాదు'... అదీ హిట్టే. మూడోది 'వాన పంపు తండ్రీ'. అదొక్కటే నెమ్మది పాట. తిట్టిన పెద్దలే దానికి కళ్లు తుడుచుకున్నారు.

ఒకే ఒక్క క్యాసెట్ వచ్చింది. నా దస్తూరి బాగుంటుందని అట్టల మీద పేర్లు రాసే పని నాకిచ్చారు. "పాటలు: రూతు" అని రాయబోతుంటే బాపు ఆపాడు.

"ఆడపిల్ల పేరు బస్టాండు దుకాన్ల ఏలాడుతదా? సంబంధాలొచ్చే యేడు. యువజనులు అని రాయి."

రాశాను... అన్ని అట్టల మీదా. అక్క చూసి లోపలికి వెళ్లిపోయింది. ఆ ఏడే పెళ్లి. బ్యాండ్ అక్కడితో సరి.

మొన్న చర్చిలో కోతల పండుగ. మైకు పట్టుకున్న కుర్రాడు, "గిప్పుడు 'వాన పంపు తండ్రీ' పాడుతం. పాతకాలం పాట, ఎవరు రాసిండ్రో ఎవ్వరికి తెల్వది" అన్నాడు. అక్క నా పక్కనే కూర్చుని ఉంది! నాకు ఒళ్లు మండిపోయింది. లేవబోతే కొంగు పట్టి లాగింది.

"ఊకోయే... పాట బతికింది గదా."

"పాట బతికింది సరే, నువ్వు సచ్చినవా?"

అక్క అందరితో కలిసి పాడింది, తన పాటే, ఎవరిదో అన్నట్టు.

ఇప్పుడు రీల్స్‌లో దాని కింద 'సంప్రదాయ గీతం' అని పెడుతున్నారు. ఎవరి సంప్రదాయమయ్యా? నా కోపం ఆ కుర్రాడి మీద కాదు. బాపు మీద... ఆయన చెప్పగానే తలూపిన నా మీద.

అప్పట్లో పేరు రాయడానికి ఒక అట్టముక్క అయినా ఉండేది... ఇప్పుడు అదీ లేదు. మీ ఇంట్లోనూ ఇలా పేరు లేకుండా పోయిన అక్కో, అవ్వో ఉంటే కింద చెప్పండి, పేరుతో సహా.

ఆ క్యాసెట్ ఎవరి దగ్గరైనా మిగిలి ఉంటే, 'యువజనులు' కొట్టేసి 'రూతు' అని రాయండి. ఆ దస్తూరి నాదే... కొట్టేయమని నేనే చెబుతున్నాను.