చూడ్డానికేం లేదన్న చోట

నేను పోర్టు టెలిఫోన్ ఎక్స్ఛేంజిలో ఆపరేటరుగా పనిచేశాను. ముఖం మరిచిపోతానేమో గాని గొంతు మరిచిపోను. "హలో" అనగానే మాట్లాడేది ఏ ఆఫీసరో, ఆ పూట ఏ చిరాకులో ఉన్నాడో చెప్పేదాన్ని. నన్ను విసుక్కున్న ప్రతి గొంతూ నా దగ్గర భద్రంగా ఉంది. వాటన్నిటికీ పైన ఉన్నది ఒక టూరిస్టు బస్సు గైడుది. ఎనభైల మొదట్లో, సమాధుల పండగ నాడు, భీమిలిలో మా నాన్న సమాధి ఉన్న చోటు వైపు చెయ్యి విసిరి, "అక్కడ చూడ్డానికేం లేదు మేడమ్" అన్నాడు. నవ్వుతూ అన్నాడు. ఆ నవ్వు కూడా గుర్తుంది.

మా నాన్న భీమిలిలో పడవలు బాగుచేసే వడ్రంగి. ఆయన పోయాక మా అమ్మ నన్ను వెంటబెట్టుకుని గాజువాకలో మా పిన్ని ఇంటి పక్కన గది అద్దెకు తీసుకుంది. ప్రతి నవంబరులో, క్రైస్తవులం పోయినవాళ్ళను తలుచుకునే సమాధుల పండగకు మాత్రం భీమిలి వెళ్ళేవాళ్ళం. సమాధి శుభ్రం చేసి, సున్నం వేసి, బంతిపూలు పెట్టి, పొద్దు వాలాక కొవ్వొత్తి వెలిగించాలి. మా ఊరి శ్మశానంలో ఆ సున్నానికి ఒక అర్థం ఉంది. తెల్లగా ఉన్న సమాధికి మనుషులు ఉన్నారని. సముద్రపు గాలి ఏడాది తిరిగేసరికి సున్నాన్ని నాకేస్తుంది, ఇసుక కప్పేస్తుంది. కొన్నేళ్ళు వరసగా సున్నం పడని సమాధి మీద సంఘ పెద్ద ఒక సరుగుడు కర్ర పాతిస్తాడు. ఆ తర్వాతి పండక్కి కూడా ఎవరూ రాకపోతే ఆ చోటు ఇంకొకరికి ఇచ్చేస్తారు. స్థలం చిన్నది, చచ్చిపోయేవాళ్ళు ఎక్కువ. అది వాళ్ళ న్యాయం.

అమ్మకు మోకాళ్ళు పట్టేశాక, నాకు డ్యూటీల గోల మొదలయ్యాక, మేము వెళ్ళడం మానేశాం. ఆ యేడు దసరా అయ్యాక భీమిలి బంధువు ఒకడు కబురు తెచ్చాడు.

"పిన్నీ, గోడ పక్క సమాధులన్నిటి మీదా కర్రలు పాతేసేరు, చిన్నాన్నదీ అందులోనే. ఈ పండక్కి సున్నం పడకపోతే ఇచ్చెత్తారట."

అమ్మ ఆ రాత్రి అన్నం తినలేదు. మర్నాడు నేను సెలవు అడిగితే మా సూపర్వైజరు, "సచ్చిపోయినోల కోసం సెలవేటమ్మా, ఆలేటి కంగారుపడతారా?" అన్నాడు. అదీ గుర్తుంది. సెలవు మాత్రం తీసుకున్నాను.

పండగనాడు భీమిలి బస్సులు కిటకిటలాడతాయి. అంత దూరం అమ్మ నిలబడలేదు. అప్పుడే టూరిస్టు బస్సు సంగతి తట్టింది. బీచి రోడ్డు వెంట వింతలన్నీ చూపించి, భీమిలి పాత ఊరు చూపించి, రాత్రికి తిరిగి తెస్తారు. సీటు గ్యారంటీ. అన్నిటికంటే ముఖ్యం, ఆ బస్సు డచ్చి వాళ్ళ, మా ఊరి మాటలో ఒలందా వాళ్ళ, సమాధుల దగ్గర ఆగుతుంది. మా వాళ్ళ శ్మశానం ఆ రోడ్డుకు అవతలి పక్కనే. బస్సు దిగి రోడ్డు దాటితే చాలు.

ముందురోజు గుల్ల సున్నం నానబెట్టి, వడగట్టి, కాస్త నీలిమందు కలిపి పాలపొడి డబ్బాలో పోశాను. మూత మీద గుడ్డ కట్టాను. జనపనార కుంచె ఒకటి, బంతిపూల సంచి, కొవ్వొత్తుల కట్ట, గాలికి ఆరకుండా కొవ్వొత్తి పెట్టడానికి కొబ్బరి చిప్పలు. ఈ సామానుతో మేము బస్సు ఎక్కుతుంటే గైడు గుమ్మంలోనే ఆపాడు. బెల్బాటమ్ ప్యాంటు, మెడలో ఈల.

"ఏటమ్మా ఆ డబ్బా?"

"సున్నం" అన్నాను.

"పిక్నిక్కి సున్నమేటి? బిల్డింగు కడతన్నారా?"

ముందు సీట్లో పట్టుచీర ఆవిడ గట్టిగా నవ్వింది. ఆవిడ భర్త మెడలో కెమెరా వేలాడుతోంది. ఆయనా నవ్వాడు. డబ్బా వెనక డిక్కీలో పెట్టమన్నాడు గైడు. అమ్మ వినలేదు. సీట్లో కూర్చుని, డబ్బా రెండు పాదాల మధ్య పెట్టుకుని, చీర కుచ్చిళ్ళు దానిమీద కప్పేసింది.

"ఒలికితే సీటు కవరు మీరే కొనాలి" అన్నాడు గైడు.

"ఒలకదు బాబూ, నాను పట్టుకున్నాను కదా" అంది అమ్మ.

ఆ రోజు చూసినవి నేను చూడలేదనను. ఋషికొండ దగ్గర సముద్రం ఆకుపచ్చగా ఉంది. ఎర్రమట్టి దిబ్బల దగ్గర అమ్మా నేనూ తప్ప అందరూ దిగి సందుల్లోకి పోయారు. కెమెరా ఆయన పట్టుచీర ఆవిడను ప్రతి దిబ్బ ముందూ నిలబెట్టి ఫోటోలు తీశాడు. రీలు అయిపోతే ఇంకో రీలు ఎక్కించాడు. బస్సంతా ఆయన కోసం ఎండలో కాచుకుంది. గైడు ఈల ఊదలేదు, టైము గురించి మాట్లాడలేదు. పైగా, "సార్, అటు పక్క లైటింగు ఇంకా బాగుంటాది సార్" అని చూపించాడు. నేను అమ్మ పక్కనే కూర్చుని, ఇది మనసులో దాచుకున్నాను. పనికొస్తుందని తెలుసు.

భీమిలి చేరేసరికి మధ్యాహ్నం దాటింది. కొండమీద గుడి అయింది, గంటస్తంభం అయింది, చివరికి డచ్చి వాళ్ళ సమాధులకు వచ్చాం. ఇనుప గేటు, గవర్నమెంటు బోర్డు, లోపల గోపురాల్లా పైకి లేచిన పాత సమాధులు. గైడు గొంతు మార్చాడు. మైకు లేకపోయినా మైకులో మాట్లాడినట్టే మాట్లాడాడు. ఎంత దూరం నుంచి వచ్చారో, ఇక్కడి జ్వరాలకు ఎలా పోయారో, ఒక సమాధిలో పసిబిడ్డ ఉందని, తల్లి ఓడ ఎక్కుతూ వెనక్కి చూస్తూ ఏడ్చిందని. పట్టుచీర ఆవిడ కళ్ళు తుడుచుకుంది. మా అమ్మ కూడా, "ఒలందా వోలయితే ఏటి, బిడ్డ బిడ్డే కదా" అని సంచిలోంచి ఒక బంతిపువ్వు తీసి ఆ సమాధి మీద పెట్టబోయింది.

"ముట్టుకోకూడదమ్మా, ఇది హిస్టరీ" అన్నాడు గైడు.

అమ్మ పువ్వు వెనక్కి తీసుకుంది. నేను ముందుకు వెళ్ళాను.

"మాకు రోడ్డవతల శ్మశానంలో పని ఉంది. ఒక గంట టైము కావాలి."

అప్పుడే అన్నాడు ఆ మాట. చెయ్యి విసిరి, నవ్వి, "అక్కడ చూడ్డానికేం లేదు మేడమ్. మామూలోల శ్మశానం."

"మేము చూడ్డానికి రాలేదు. మా నాన్న ఉన్నాడక్కడ."

"అందరి టైమూ మీ నాన్న కోసం పాడుసేత్తామా?"

"ఎర్రమట్టి దిబ్బల దగ్గర ఈయన రీలు మార్చుకుంటుంటే అందరి టైమూ ఎక్కడికి పోయింది?"

కెమెరా ఆయన తల తిప్పుకున్నాడు. పట్టుచీర ఆవిడ, "పర్సనల్ పనులకి వేరే బస్సులున్నాయి కదండీ" అంది. అది కూడా ఉంది నా దగ్గర. అంత గొడవలోనూ అమ్మ సున్నం డబ్బా చంకన పెట్టుకుని, నెమ్మదిగా రోడ్డు దాటడం మొదలుపెట్టింది. మోకాళ్ళు పట్టేసిన మనిషి, ఎవర్నీ అడగలేదు.

డ్రైవరే పరిష్కారం చెప్పాడు. "బావా, మనం లైటౌసూ, ఏరు సముద్రంలో కలిసే మొగా సూసుకుని ఇటే కదేటి రావాలి? అప్పుడు గేటు కాడ ఎక్కించుకుందాం. ముసిలమ్మని ఉసూరుమనిపించకు."

"గేటు దగ్గర లేకపోతే నాను ఆగను. హారన్ కూడా కొట్టించను" అన్నాడు గైడు.

"ఆగొద్దు" అన్నాను.

శ్మశానం నిండా మా జనం. పిల్లలు బంతిపూలు తుంచుతున్నారు, మగవాళ్ళు గడ్డి చెక్కుతున్నారు. సంఘ పెద్ద చేతికర్రతో వరసల మధ్య తిరుగుతున్నాడు. అమ్మను చూసి ఆగాడు.

"సెల్లెమ్మా, నువ్వు బతికే ఉన్నావేటి?"

"బతికే ఉన్నానన్నయ్యా. నువ్వు కర్ర పాతింది తియ్యడానికే వచ్చేను."

"పాతకేటి సేత్తాను? సున్నం లేదు, పువ్వు లేదు, మనిషి లేడు. రేపొకడు సచ్చిపోతే ఆడ్ని ఎక్కడ పెడతాను?" అన్నాడు. ఆయన గొంతులో కోపం లేదు. నాకు మాత్రం వచ్చింది.

"మా నాన్న చేసిన పడవల్లోనే కదా మీ ఊరి వాళ్ళు ఇన్నాళ్ళూ వేటకెళ్ళారు!" అన్నాను.

"ఎళ్ళేరమ్మా. నాను కాదన్నానా? సమాధేదో సూపించు, కర్ర తీసెత్తాను."

అక్కడే చిక్కు పడింది. గోడ పక్కన ఇసుక మేట వేసేసింది. ఎత్తులు పల్లాలు అన్నీ ఒక్కలా ఉన్నాయి. వాటి మీద కర్రలు చాలానే ఉన్నాయి. నాకు చిన్నప్పటి వేపచెట్టు గుర్తు, అది లేదు. నేను ఒక కర్ర దగ్గర, ఇంకో కర్ర దగ్గర నిలబడి తెల్లబోయాను. పొద్దు తాటితోపు వైపు జారుతోంది.

అమ్మ నేల మీద చతికిలబడింది. నిలబడి వెతకలేదు. కూర్చునే జరుగుతూ, రెండు చేతులతో ఇసుక తోడుతూ వెళ్ళింది. నాన్న సమాధి చుట్టూ తను శంఖు గుల్లలు బోర్లించి పాతానని, అంచు ఎక్కడో తగలాలని చెప్పింది. నేనూ కూర్చున్నాను. ఒక చోట తోడాం, మట్టి. ఇంకో చోట తోడాం, ఇటుకలు, మాది కాదు. మూడో చోట అమ్మ చెయ్యి ఆగింది. వేళ్ళతో తడిమి, ఒక గుల్ల పైకి తీసి, కొంగుతో తుడిచింది.

"ఇదిగో, ఉన్నాడు" అంది, ఇంట్లో పక్క గదిలో ఉన్న మనిషిని గురించి చెప్పినట్టు.

అందరూ వచ్చి చెయ్యి వేశారు. ఇసుక తీసేసరికి సమాధి బయటపడింది, తల దగ్గర చిన్న సిమెంటు సిలువతో సహా. అమ్మ సరుగుడు కర్ర తనే పీకింది. సంఘ పెద్ద చెయ్యి చాపాడు. ఇవ్వలేదు. దాంతోనే డబ్బాలో అడుక్కి దిగిన సున్నాన్ని కలిపింది. కుంచె నాకు కూడా ఇవ్వకుండా, తల నుంచి కాళ్ళ దాకా తనే వేసింది.

నాన్నది అయ్యాక డబ్బాలో సున్నం మిగిలింది. పక్కన ఇంకో కర్ర ఉంది. ఎవరి సమాధో తెలియదు. అమ్మ దానివైపు జరిగింది.

"అమ్మా, బస్సు వచ్చే టైమైంది."

"ఆడికెవులూ లేరనుకుంటారు కదే" అని కుంచె ముంచింది.

అప్పుడే బస్సు చప్పుడైంది. నేను గేటు దగ్గరికి పరిగెత్తాను. పొద్దు వాలిపోయింది. నా వెనక శ్మశానమంతా ఒక్కొక్కటే వెలుగుతోంది. కొబ్బరి చిప్పల్లో కొవ్వొత్తులు, తెల్లటి సమాధులు, గోడ దాకా వెలుగు. బస్సు ఆగింది. కిటికీలన్నిట్లోంచీ తలలు బయటికొచ్చాయి. హారన్ కొట్టించనన్నవాడు బస్సు మైకు పట్టుకున్నాడు.

"ఫ్రెండ్స్, ఇది భీమిలి స్పెషల్! అందరూ దిగొచ్చు, ఫోటో స్టాప్!"

మొదట దిగింది కెమెరా ఆయనే. నేను గేటుకు రెండు పక్కలా చేతులు చాచి నిలబడ్డాను.

"ఇక్కడ చూడ్డానికేం లేదు" అన్నాను. "మామూలు వాళ్ళ శ్మశానం."

"మేడమ్, అదేదో మాటొరసకి అన్నాను..." అన్నాడు గైడు.

"నేను మాటవరసకి అనడం లేదు."

"ఎంత అందంగా ఉందో చూడనివ్వండీ, రెండు నిమిషాలు" అంది పట్టుచీర ఆవిడ.

"పర్సనల్ పని జరుగుతోందండీ. చూడ్డానికి వేరే ఊళ్ళున్నాయి."

డ్రైవరు స్టీరింగు మీద తల పెట్టుకుని నవ్వుతున్నాడు. నేను కదల్లేదు. రాత్రంతా నిలబడమన్నా నిలబడేదాన్ని. లోపల్నుంచి అమ్మ కేక వేసింది.

"ఒలే, దారికి అడ్డు తప్పుకో! ఆలకీ ఇంటికాడ సచ్చిపోయినోలు ఉండరేటి? రానీ."

అమ్మ మాట వినక తప్పలేదు. కానీ పూర్తిగా వినలేదు. చెప్పులు బయట విడవాలన్నాను. కెమెరా బస్సులో పెట్టి రావాలన్నాను. లోపలికొచ్చిన ప్రతి మనిషీ, ఎవరూ రాని సమాధి దగ్గర ఒక కొవ్వొత్తి వెలిగించాలన్నాను. కెమెరా ఆయన బస్సెక్కి కిటికీ మూసుకున్నాడు. పట్టుచీర ఆవిడ కాసేపు నిలబడి, చెప్పులు విడిచి వచ్చింది. అమ్మ ఆవిడ చేతిలో కొవ్వొత్తి పెట్టి, అప్పుడే సున్నం వేసిన ఆ పేరులేని సమాధి చూపించింది. ఆవిడ వంగి వెలిగించింది. తడి సున్నం పట్టు అంచుకు అంటుకుంది. నేను చూశాను, చెప్పలేదు.

గైడు రాలేదు. గేటు బయటే ఈల చేత్తో తిప్పుకుంటూ నిలబడ్డాడు. బస్సంతా మా కోసం కాచుకుంది. ఒక్కరూ టైమెంతైందని అడగలేదు.

వెళ్ళేముందు సంఘ పెద్ద అమ్మ దగ్గరికొచ్చాడు. "సెల్లెమ్మా, ఆ కర్రలు రెండూ ఇచ్చియ్యి. మళ్ళీ పనికొత్తాయి."

"అందుకే ఇవ్వను" అంది అమ్మ. పక్క సమాధిది కూడా పీకేసిందని అప్పుడే చూశాను.

మా ఎక్స్ఛేంజిలో ఒకమ్మాయి రెండేళ్ళ తర్వాత అదే బస్సులో వెళ్ళొచ్చింది. సమాధుల పండగ రోజైతే సాయంత్రం భీమిలిలో కొవ్వొత్తులు చూపిస్తామని గైడు ముందే చెబుతున్నాడట. తనే కనిపెట్టినట్టు. చెప్పుకోనీ. చూడ్డానికేం లేదన్న మాట నేను వాడి చేత వెనక్కి తీయించలేదు, వాడూ తీసుకోలేదు. ప్రతి పండక్కీ నాన్నకూ, ఇప్పుడు పక్కనే ఉన్న అమ్మకూ, ఆ పేరులేని మనిషికీ సున్నం వేసి, టూరిస్టు బస్సు వచ్చే వేళకు గేటు దగ్గర నిలబడతాను. చెప్పులు విడిపిస్తాను. కెమెరాలు వెనక్కి పంపుతాను.

సున్నం కలపడానికి ఆ సరుగుడు కర్రలే తీసుకెళ్తాను. అవి మా ఇంట్లో తలుపు వెనక ఉంటాయి. తెల్లగా గట్టిపడ్డాయి. సంఘ పెద్దలు మారినప్పుడల్లా అడుగుతూనే ఉన్నారు. ఇవ్వలేదు.