షాటు తర్వాతి నవ్వు

అరబ్బు దేశంలోని మఫ్రఖ్ లేబర్ క్యాంపులో మా గదిలో ఉన్న భాయ్ ఒకప్పుడు తెలుగు దెయ్యాల సినిమాల్లో చిన్న వేషాలు వేసేవాడట. దెయ్యం మొట్టమొదట చంపేది ఆయన్నే. ఇక్కడికొచ్చి గేటు దగ్గర వాచ్‌మన్ అయ్యాడు. శుక్రవారం మధ్యాహ్నాలు ఫోన్లో నాకు తన చావులు చూపించేవాడు. గొంతు పట్టుకుని, గిలగిల తన్నుకుని పడిపోగానే వీడియో ఆపి, నా వైపు తిరిగి పళ్ళన్నీ కనిపించేలా నవ్వేవాడు.

"ఈ నవ్వు సినిమాలో ఉండదబ్బయ్యా. సచ్చే షాటు అయినాక లేసి కెమెరాకేసి నవ్వాల. లేకుంటే కీడంట. డైరెక్టరు మరిచినా నేను మాత్రం ఏనాడూ మరవలా."

కరోనా ఏడాది ఆయనకు జ్వరమొచ్చింది. నాలుగో రోజు పొద్దున లేపితే లేవలేదు. అంబులెన్స్ వాళ్ళు చూసి తల అడ్డంగా ఊపారు. క్యాంపు మేనేజరు, ముదీర్ అంటాం, తలుపు దగ్గరే నిలబడి, కాగితాలకు ముఖం ఫొటో తీయమన్నాడు.

తీశాను. గొంతు మీద చెయ్యి లేదు, గిలగిల తన్నుకోవడం లేదు. నిజం చావు ఆయనకు సినిమా చావంత బాగా రాలేదు.

"యల్లా, ఖలాస్," అన్నాడు ముదీర్, అయిపోయింది ఇక పదమని.

నేను ఫోన్ దించలేదు. ఆయన ఇంకా నవ్వలేదు.