సంగారెడ్డి ఆఫీసులో రూతక్క కొట్టేసిన రెండు మాటలు

గంజాయి అన్న మాట కంటపడగానే చెంపలేసుకునే సజ్జనులారా, సాష్టాంగపడి క్షమాపణ వేడుకుంటున్నాను. ఈ యాత్రలో ఆ మాట తప్పదు. మా రూతక్క కూతురు గ్రేసీకి ఆరేళ్లు. రోజూ మూర్ఛ వస్తుంది. నాలుగు రకాల మందులు వాడినా ఆగలేదు. గంజాయి మొక్క నుంచి తీసే మందు వాడి చూద్దామని డాక్టర్ చీటీ రాశారు. అది విదేశం నుంచి రావాలి, అందుకు అనుమతి కావాలి, అర్జీ ముందు సంగారెడ్డి డ్రగ్ కంట్రోల్ ఆఫీసులో ఇమ్మన్నారు. ఊరూరికీ మాత్రలు చేసి పంపే ఫ్యాక్టరీల వాసన పీల్చుకుంటూ పటాన్‌చెరులో బతికే మాకు ఈ ఒక్క మందూ దొరకదట.

ఉదయం తొమ్మిదింటికి బస్సెక్కాం. అక్కకూ పాపకూ జీరో టికెట్లు, మగపుట్టుక పుట్టినందుకు నాకు యాభై రూపాయలు. రుద్రారం దాటగానే గ్రేసీ ఒళ్లు బిగుసుకుంది. క్షణంలో నా ఒళ్లో ఐదు తాళాల గుత్తులు వచ్చి పడ్డాయి.

"చేతిల ఇనుము పెట్టు బిడ్డా!" అంది వెనక సీటు పెద్దమ్మ.

అక్క పాపను పక్కకు తిప్పి, గడియారం చూస్తూ, "తాళాలొద్దు పెద్దమ్మా, జెర గాలి రానియ్యి" అంది. మూడు నిమిషాలకు తగ్గింది. ఎవరి గుత్తి ఎవరిదో తేలేసరికి కంది వచ్చింది.

పోతిరెడ్డిపల్లి చౌరస్తా నుంచి ఆటోకు అరవై. పదిన్నరకు ఆఫీసులో ఉన్నాం. గుమాస్తా అర్జీ చదివి తిరిగిచ్చేశాడు.

"మూలికల నూనె అని రాసిన్రు. దీనికి పర్మిషన్ ఏందమ్మా? దుకాణంల కొనుక్కోరాదు?"

అక్క డాక్టర్ చీటీ చూపించింది. ఆయన గొంతు తగ్గించాడు. "ఓ, గంజాయిదా! మెల్లగ చెప్పమ్మా, అందరు వింటున్నరు."

"విననియ్యుండ్రి సారూ. గంజాయి మొక్కకెల్లి తీసిన మందే. నా బిడ్డకు డాక్టర్ రాసిండు. నేనేం దొంగతనం చేస్తలేను."

అర్జీలో ఆ రెండు మాటలూ కొట్టేసి, పైన మందు అసలు పేరు పెద్దక్షరాలతో రాసింది. "ముద్ర కొట్టుండ్రి. కొట్టేదాంక ఈడనే కూసుంట." గ్రేసీని ఒళ్లో వేసుకుని కూర్చుంది. పన్నెండున్నరకు ముద్ర పడింది.

అనుమతి ఇంకా రాలేదు. అక్క ప్రతి సోమవారం వెళ్లి, అందరికీ వినపడేలా అడిగి వస్తోంది. బిడ్డకు మందు అడగడానికి గొంతు తగ్గించాల్సిన పని లేదు. మీరూ వెళ్తే మందు పేరు చీటీలో ఉన్నది ఉన్నట్టే రాయండి, నకలు మీద కూడా ముద్ర వేయించుకోండి.

ఇంతటి వీరయాత్రలో నేను స్వహస్తాలతో చేసిన పని ఒక్కటే. నలుగురూ ఏమనుకుంటారోనని భయపడి, ఆ అర్జీలో 'మూలికల నూనె' అని రాసింది నేనే.