అంకుల్ బ్లేజర్‌కి కత్తెర

ఆ రోజుల్లో కెనడాలోని వాటర్లూలో బస్సెక్కితే సగం మంది మనవాళ్లే. కాలేజీకి పోయేవాళ్లు, పార్ట్‌టైమ్‌కి పోయేవాళ్లు, రెండింటికీ లేటై పరిగెత్తేవాళ్లు. అందరూ కంప్యూటర్లు చదువుతుంటే నేనొక్కణ్ణే ఫిల్మ్ ఎడిటింగ్‌లో చేరాను (గుంటూరులో రెండేళ్లు పెళ్లి వీడియోలు కూర్చిన మొనగాణ్ణి కదా!). మాకు పాఠం చెప్పే మేడమ్ ఫ్రెంచావిడ. పారిస్‌లో ముప్ఫై ఏళ్లు సినిమాలు ఎడిట్ చేసి వచ్చింది. మా పని చూసేటప్పుడు సౌండ్ తీసేయించి, కట్ ఎక్కడ పడాలో అక్కడ బల్లమీద వేలితో టక్కున కొట్టేది. ఆ టక్కు వినబడితే చాలు, నేను కుర్చీలో కిందికి జారిపోయేవాణ్ణి.

ఆఖరి సెమిస్టర్‌లో ఐదు నిమిషాల సినిమా తీయాలి. ఫెయిలైతే నా స్టడీ పర్మిట్‌కే ఎసరు. మాలాంటి స్టూడెంట్లకి క్యారేజీలు కట్టే ఆంటీ మీద తీశాను. షూటింగ్ రోజు అంకుల్ బ్లేజర్ వేసుకుని, పౌడర్ రాసుకుని పొయ్యి పక్కన నిలబడ్డారు. వీడియోలో ఒక్క చుట్టం తగ్గినా పెళ్లివారు ఊరుకోరన్నది నేను నేర్చిన విద్య. అందుకని అంకుల్‌నీ, వాళ్లమ్మాయినీ, నా రూమ్మేట్లనీ వరసగా కూర్చేశాను. మధ్యమధ్య పూలరేకులు రాలే ఎఫెక్ట్ ఒకటి.

మేడమ్ చూసింది. టక్. టక్. టక్కుటక్కు. పూలు రాలినప్పుడు మాత్రం కళ్లు మూసుకుంది. "ఈ కోటాయన ఎవరు?" అంది. "ఆంటీవాళ్ల ఆయన, మేడమ్." "ఏం చేస్తున్నాడు?" "ఏం చెయ్యట్లేదు మేడమ్. కానీ తీసేస్తే బాధపడతారు." క్లాసంతా నవ్వింది. "రేపటికల్లా ఇతను లేకుండా తీసుకురా, లేకపోతే పాస్ చెయ్యలేను" అంది. నా మొహం చూసి కాస్త మెత్తబడింది కాబోలు, "నా మొదటి సినిమాలో, ఒక గుంపు సీన్లో మా అమ్మ ఉంది. తీసేశాను. ఏడాది నాతో మాట్లాడలేదు" అంది. "ఆవిడ సరిగ్గా చెయ్యలేదా మేడమ్?" "చాలా బాగా చేసింది. అందుకే హీరోయిన్ ఏడుస్తుంటే అందరూ మా అమ్మనే చూస్తున్నారు."

భయపడుతూనే అంకుల్‌ని, ఆయనతోపాటు మిగతా వాళ్లందర్నీ, పూలరేకుల్నీ తీసేశాను (అన్నం పెట్టిన ఇల్లు మరి!). తెరమీద ఆంటీ చేతులు మిగిలాయి, అంతే. పాసయ్యాను. కానీ అసలు పరీక్ష ఆదివారం, వాళ్లింట్లో టీవీ ముందు. అంకుల్ మళ్లీ అదే బ్లేజర్ వేసుకుని కూర్చున్నారు. అయ్యబాబోయ్! "మేడమే తీసేయమంది అంకుల్" అని వందసార్లు వల్లె వేసుకున్నాను.

సినిమా అయిపోయింది. "డాడీ, యు ఆర్ నాట్ ఇన్ ఇట్!" అని వాళ్లమ్మాయి అరిచింది. అంకుల్ వినలేదు. ఆంటీ చెయ్యి పట్టుకుని తిప్పితిప్పి చూస్తున్నారు. "ఇన్ని కాలిన మచ్చలేంటే? నాకెప్పుడూ చెప్పలేదే?" "రోజూ క్యారేజీలు ఈ చేతుల్లోంచేగా అందుకుంటారు" అంది ఆంటీ. ఆయన ఆ చెయ్యి వదల్లేదు.

వల్లె వేసిన మాట మింగేసి వచ్చేశాను. ఇప్పుడు ఎడిటింగే నా బతుకుతెరువు. ఆ రోజు తిరుగు బస్సులో, ఇదంతా తన పనితనమేనని పొంగిపోయిన ఆ కుర్రవెధవ గుర్తొస్తే నవ్వొస్తుంది. తీసేయమన్నది మేడమ్. మచ్చలు ఆంటీవి. చూసింది అంకుల్. నువ్వు చేసిందల్లా భయపడటమే కదా, నాయనా!