ఒక్క కుండీకి సరిపడా వాన

ఆ ఎండాకాలం మధ్యాహ్నాల్లో కర్నూల్లోని మా అద్దె ఇంట్లో రెండు ప్రాణులే మెలకువగా ఉండేవి. ఒకటి మా ఆయన. రెండోది వరండా గట్టు మీద, అరచేతిలో పట్టేంత ఈగల మొక్క. నేను చాప మీద సగం నిద్రలో పడుకుని వాళ్లిద్దరినీ చూసేదాన్ని. ఫ్యాను వేడిగాలినే అటూ ఇటూ పంచుతుండేది. వెదురు తడక సందుల్లోంచి ఎండ గీతలు గీతలుగా నేల మీద పడి, నేను కళ్లు మూసి తెరిచేలోగా జానెడు జరిగేది. ఆ మొక్క నోళ్లు తెరుచుకుని, ఈయన నోరు మూసుకుని, ఇద్దరూ దేనికోసమో ఎదురుచూస్తున్నట్టుండేవాళ్లు. కొన్నిసార్లు నేను చూసింది నిజమో కలో నాకే తెలిసేది కాదు.

మొక్క మా ఇంటికి రావడం నా ఉద్యోగం పుణ్యం. నేను ఆడపిల్లల హైస్కూల్లో బయాలజీ చెబుతాను. పురుగుల్ని తినే మొక్కల పాఠాన్ని ఇన్నేళ్లూ బొమ్మ చూపించి నెట్టుకొచ్చాను. చివరికి నాకే సిగ్గేసి, ఆ చలికాలం సైన్స్ ఫెయిర్ కోసం వీనస్ ఫ్లైట్రాప్‌ని ఆన్‌లైన్లో తెప్పించాను. ఒక్కో నోరు బతికినన్నాళ్లలో నాలుగైదు సార్లే మూసుకోగలదని, ఊరికే ముట్టుకుంటే అలిసిపోయి నల్లబడుతుందని చెప్పి చెప్పి నా గొంతు పోయింది. పిల్లలు వింటేనా? పెన్సిలుతో పొడవని పిల్ల లేదు. పిల్లలదాకా ఎందుకు, హెడ్మాస్టరమ్మే చిటికెనవేలు పెట్టి చూసింది. ఫెయిర్ అయ్యాక మిగిలిన ఏడు నోళ్లతో దాన్ని ఇంటికి పట్టుకొచ్చాను.

ఇంట్లో మా ఆయన కుర్చీలో కూర్చుని ఉన్నాడు. ఆ కుర్చీ సంగతి చెప్పాలి. అంతకు ముందు ఏడాది దాకా ఆయన ఇంట్లో కూర్చునే మనిషి కాదు. పత్తికొండ దాటాక మాకు ఎర్రనేల చేను ఉంది. బోరు వేస్తే దుమ్ము తప్ప ఏమీ రాని నేల. వాన పడితే పంట, లేకపోతే లేదు. ఉద్యోగం కోసం నేను కర్నూల్లో, చేను కోసం ఆయన అక్కడ. శనివారం బస్సులో వచ్చి సోమవారం పోయేవాడు. వచ్చిన రెండు రోజులూ నన్ను చూసింది తక్కువ, ఆకాశాన్ని చూసింది ఎక్కువ. ముద్ద నోట్లో ఉండగానే లేచి గుమ్మంలోకి పోయి చూసొచ్చేవాడు. మబ్బు పట్టి మోడం పడితే ఒక మనిషి, అది విడిపోతే ఇంకో మనిషి. పెళ్లయిన కొత్తలో నాకది ముచ్చటగా ఉండేది. తర్వాత తర్వాత ఒళ్లు మండేది.

సోలార్ కంపెనీ వాళ్లు ఆ చుట్టుపక్కల చేన్లన్నీ కౌలుకు అడిగినప్పుడు పట్టుబట్టింది నేనే. రెండు నెలలు పోరాను. ఇక ఆకాశం వైపు చూసే పని ఉండదు, మనిషన్నవాడిలా ఇంట్లో ఉంటావు అన్నాను. ఒకరోజు ఆయన ఏమీ అనకుండా వచ్చి సంతకం పెట్టాడు. పెన్ను మూత కూడా నేనే తీసిచ్చాను. శెనక్కాయ పండిన చోట ఇప్పుడు నల్లటి పలకలు బారులు తీరి ఉన్నాయి. ఆయన కర్నూలు వచ్చి ఆ కుర్చీలో కూర్చున్నాడు.

మౌనం అర్ధాంగీకారం అంటారు. మా ఇంట్లో మౌనం ఏమిటో నాకు అర్థం కాలేదు. తిట్టి ఉంటే బాగుండేది. "ఎందుకు పెట్టించినావు నాతో సంతకం?" అని ఒక్కసారి అడిగితే చెప్పడానికి నా దగ్గర వంద జవాబులున్నాయి. ఆయన అడగలేదు. రెండు చేతులూ ఒళ్లో పెట్టుకుని, అవి ఎవరివో అన్నట్టు చూసుకునేవాడు. నా మొండితనంతో ఒక మనిషిని కుర్చీకి కట్టేశానని నాకు లోలోపల భయం. ఆ భయం ఏడాదిగా నన్ను సరిగా నిద్రపోనివ్వలేదు.

మొక్కను చూడగానే ఆయన అడిగిన మొదటి మాట దాని నోళ్ల గురించి కాదు.

"ఈ మట్టి ఏం మట్టి? దీండ్ల ఏముండాది?"

"ఏమీ లేదు. ఎండిన నాచు, ఈ తెల్ల పలుకులు. సారం లేని నేలలో పుట్టింది కాబట్టే ఈగల్ని పట్టుకుని తింటాది."

చిటికెడు తీసి వేళ్ల మధ్య నలిపాడు. వాసన చూశాడు. "పాపం" అన్నాడు. ఆ "పాపం" విన్నప్పుడే నేను జాగ్రత్తపడాల్సింది.

మార్చిలో నాకు పదో తరగతి పరీక్షల డ్యూటీ పడింది. పొద్దున పోయి అలిసిపోయి వచ్చేదాన్ని, మొక్క వైపు చూసే ఓపిక ఉండేది కాదు. ఆ వారంలో మా వీధి చివర ఖాళీ స్థలంలో గొర్రెల మంద ఆగింది. ఈయన పోయి గుప్పెడు పెంటికలు ఏరుకొచ్చి, మెత్తగా పొడి చేసి కుండీలో వేశాడు. పైన రెండు చెంబుల బోరునీళ్లు పోశాడు. మా బోరునీళ్లు ఎలాంటివంటే, బకెట్టు ఎండితే అడుగున సున్నం కొట్టినట్టుంటుంది. గొర్రెల ఎరువును మించింది లేదని మా పల్లెలో పసిపిల్లలకు కూడా తెలుసు. చేలో మంద పెట్టించుకోవడానికి రైతులు వరస కట్టేవాళ్లు. ఈ మొక్కకు మాత్రం అది విషం. నేను చూసేసరికి ఏడు నోళ్లలో ఐదు నల్లబడి వాలిపోయాయి.

"ఏం చేసినావు దీన్ని?"

"పైరు ఆకలి మీదుంటే చూస్తా ఊరుకునేకి నాకు శాతగాలేదు మే."

ఆ మాటకైనా నేను ఆగాల్సింది. నా కోపం సంగతి మా బడి గోడలక్కూడా తెలుసు. "మట్టి గురించి నీకేం తెలుసు?" అన్నాను. అన్న మరుక్షణం నాలుక కొరుక్కున్నాను. ముప్పై ఏళ్లు మట్టిలో బతికిన మనిషిని, ఆ మట్టిని నేనే ఆయన చేతుల్లోంచి తీసుకున్నాక, అడగాల్సిన మాటా అది? పుండు మీద కారం చల్లడమంటే ఏమిటో ఆ రోజు నా నోటితో నేనే చూపించాను. ఆయన లేచి చెప్పులేసుకుని వెళ్లిపోయాడు.

గంట తర్వాత వచ్చి నా ముందు నిలబడ్డాడు. "బతికించే దారుంటే చెప్పు. చేస్తా" అన్నాడు.

ఇన్వర్టర్ బ్యాటరీల షాపు నుంచి డిస్టిల్డ్ వాటర్ డబ్బా తెచ్చాం. మొక్కను పెకలించి, వేర్లకు అంటిన ఉప్పు, ఎరువు పోయేలా ఆ నీళ్లలోనే కడిగాం. నేను కడగబోతే నా చేయి పక్కకు నెట్టాడు. "వేరు తెగుతాది. ఇట్ల ఇయ్యి." మొక్క మొదలు దగ్గర చిన్న ఎర్రగడ్డంత, ఉల్లిపాయలాంటి దుంప ఉంది. గోటితో గీరి చూసి, తెల్లగా ఉందన్నాడు. తెల్లగా ఉంటే ప్రాణం ఉన్నట్టే. కొత్త నాచుమట్టి తెప్పించి మిరప నారు నాటినట్టు నాటాడు. ఏడాది తర్వాత ఆ చేతులు పని చేయడం చూశాను.

అక్కడినుంచి మొక్క ఆయనదైంది. నేను చెప్పింది ఒకసారి విని అట్లాగే పాటించాడు. కుండీని సాసరులో పెట్టి వేలు మందం నీళ్లుండేలా చూసేవాడు. పొద్దుటి ఎండ తగలనిచ్చి, పదింటికల్లా తడక నీడలోకి జరిపేవాడు. రోహిణి ఎండలకు రోళ్లే పగులుతాయి, ఇదెంత? అందుకని కుండీ చుట్టూ తడి గోనెపట్ట చుట్టేవాడు. నల్లబడిన ఆకుల్ని కత్తెరతో తీసేవాడు. చూడవచ్చిన పక్కింటివాళ్లు వేలు పెట్టబోతే, "ముట్టుకోగాకండప్పా, అది ఆడుకునే వస్తువు గాదు" అనేవాడు. పదిహేను రోజులు ఏమీ జరగలేదు. తర్వాత నడిమధ్యలోంచి సూదిమొనలాంటి పచ్చని ఆకు ఒకటి ముడుచుకుని బయటికొచ్చింది. నన్ను నిద్ర లేపి మరీ చూపించాడు.

ఒక మధ్యాహ్నం దాని నోటి మీద ఈగ వాలింది. నేను పడుకున్న చోటినుంచే చెప్పాను, లోపలి వెంట్రుకల్ని ఒకసారి తాకితే మూసుకోదు, వెంటనే రెండోసారి తాకితేనే మూసుకుంటుంది అని.

"అంతే గదా మరి" అన్నాడు ఆయన, కళ్లు తిప్పకుండా. "ఒక్క వానకే నమ్మి ఇత్తనం ఏసేటోడు యాడన్నా ఉంటాడా?"

ఈగ ఇంకో అడుగు వేసింది. నోరు మూసుకుంది. ఏ చప్పుడూ లేదు. ఆ వరండాలో కాలం కూడా దానితో పాటు మూసుకున్నట్టయింది. నేను నిద్రపోయాను.

ఇంకో రోజు డబ్బా వంచుతూ అడిగాడు. "ఈ బ్యాటరీ నీళ్లేనా దీనికి? వాననీళ్లు మంచివి గాదా?"

"అన్నిటికంటే అవే మంచివి" అన్నాను, ఆలోచించకుండా.

మర్నాడు పొద్దున చూస్తే ఆయన గుమ్మంలో నిలబడి ఉన్నాడు, ముఖం పైకెత్తి. ఏ చూపునుంచి తప్పించాలని నేను చేను వదిలించానో, ఆ చూపు ఒక్క కుండీ కోసం తిరిగొచ్చింది. డబ్బా నిండా నీళ్లున్నాయి కదా అంటే, "అవి మందు నీళ్లు. నీళ్లంటే వానవే" అన్నాడు. భోజనం మధ్యలో లేచి పోవడం మళ్లీ మొదలైంది. మోడం పడేది, గాలికి విడిపోయేది. వాన రాకడ, ప్రాణం పోకడ ఎవరికి తెలుసు? విచిత్రమేమిటంటే ఈసారి నాకు ఒళ్లు మండలేదు. బట్టలు ఆరేసేటప్పుడు నేను కూడా పడమర వైపు చూడటం మొదలుపెట్టాను.

మృగశిర వచ్చిన మూడో రోజు సాయంత్రం నాలుగింటికి దుమ్ము లేచింది. వెలుతురు పసుపుగా మారింది. చెట్ల మీద కాకులు అరవడం మానేశాయి.

"మే, బోకులన్నీ మిద్దె మీదికి తే!" అని అరుస్తూ మెట్లెక్కాడు.

వంటింట్లో ఉన్న గిన్నెలన్నీ పైకి చేరవేశాను. మొదట పెద్ద చినుకులు, తర్వాత ధార. మొదటి నీళ్లు దుమ్ము నీళ్లని పారబోయించి, మళ్లీ పెట్టించాడు. మొక్కను తెచ్చి గచ్చు మధ్యలో పెట్టాడు. ఎర్రటి చిన్న నోళ్ల మీద వాన పడుతుంటే ఒక్కటొక్కటే మూసుకుంటున్నాయి. వద్దని చెప్పబోయి ఊరుకున్నాను. ఇద్దరం తడిసి ముద్దయ్యాం.

ఆయన పత్తికొండ వైపు తిరిగి నిలబడ్డాడు.

"మన చేన్లో గూడా పడింటాదా?"

ఏడాదిలో ఆయన నోట చేను మాట రావడం అదే మొదలు. నాకు దుఃఖం ఆగలేదు. "నా వల్లే గదా" అన్నాను. "నేను పోరకపోతే నువ్వు సంతకం పెట్టేవాడివి కాదు. ఆ చేనును నీకు లేకుండా చేసింది నేనే."

ఆయన నా వైపు వింతగా చూశాడు. "నువ్వు చెప్తే పెట్టినాననుకుంటాండావా ఇన్నాళ్లూ?"

"మరి?"

"నాకే శాతగాకుండా పోయిండె, నువ్వు అడగక ముందే. శానా అలిసిపోయింటి. మా నాయన చేను నేను ఇడిసిపెడతాండా అని నా నోటితో నేను చెప్పలేకపోతి. అంతలో నువ్వు అడిగితివి. అది నీ మాట మీద పోనీలే అనుకుంటి." ముఖం తుడుచుకున్నాడు. "తప్పు నాది. నీ మీద పెట్టి కూర్చున్నా."

నాకు కోపం రావాలి. వచ్చింది కూడా. ఏడాది నిద్ర ఎవరిస్తారని అరవాలనిపించింది. కానీ ఆయన భుజాలు కదులుతున్నాయి. ముప్పై ఏళ్లలో ఎన్ని పంటలు ఎండినా ఏడవని మనిషి నిలబడి ఏడుస్తున్నాడు, వానలో ఎవరికీ కనపడదనుకుని. నా చేతిలో గిన్నె నిండి పొర్లుతోంది. దాన్ని కింద పెట్టి ఆయన చేయి పట్టుకున్నాను.

"అప్పుడే చెప్పింటే ఇద్దరం కలిసి ఏడ్చేవాళ్లం గదప్పా" అన్నాను.