కాలదోషం పట్టని బాకీ

మా సత్తెమ్మత్తకు కోపం వస్తే అరిచేది కాదు, కూర్చునేది. ఆమె కూర్చుందంటే అవతలివాడికి మూడిందన్నమాటే. ఏలూరులో ఎండుచేపల వ్యాపారం చేసే నరసింహమూర్తిగారికి ఈ సంగతి ముందే తెలిసి ఉంటే ఆ బాకీ ఎప్పుడో తీర్చేసేవారు.

కొల్లేటి లంకలో మా ఇంటి పక్కనే అత్త ఇల్లు. మొగుడు పోయాక తాటిదోనె తనే నడుపుకుంటూ, చేపలు పట్టి, ఎండబెట్టి ఏలూరులో అమ్మేది. ఆంధ్ర రాష్ట్రం వచ్చిన కొత్తలో ఒక ఏడాది సరుకంతా నరసింహమూర్తిగారే అరువు మీద తీసుకున్నారు. ప్రోనోటు మాత్రం రాసిచ్చారు. దోనె అడుగు అప్పటికే పుచ్చిపోయింది. ఆ డబ్బు వస్తే కొత్త దోనె కొనాలి, లేకపోతే ఇంకొకరి దోనెలో కూలికి పోవాలి. చావంటే లేని భయం అత్తకు కూలి అంటే ఉండేది.

అడిగినప్పుడల్లా షావుకారుగారి నోట తేనె కారేది. "నీ డబ్బు ఎక్కడికి పోతుందే సత్తెమ్మా? నా దగ్గరుంటే నీ పెట్టెలో ఉన్నట్టే" అనేవారు. ఆ తేనెతోనే ఏళ్లు గడిచాయి.

ప్లీడరు దేవదానంగారు ముందే హెచ్చరించారు. "మూడేళ్లు నిండేలోగా దావా అయినా వెయ్యాలి, లేకపోతే ఎంతో కొంత పుచ్చుకుని నోటు వెనక ఆయన చేత చెల్లు రాయించి సంతకమైనా పెట్టించుకోవాలమ్మా. గడువు దాటితే నోటుకు కాలదోషం పడుతుంది. ఇక కోర్టు వినదు."

గడువు దగ్గరపడిందని అత్త నోటు కొంగున కట్టుకుని ఏలూరు వెళ్లింది. కొట్టు మూసి ఉంది. షావుకారుగారి తల్లి ఆ తెల్లవారుజామునే పోయారట. మా లంకలో ఒక కట్టుబాటు ఉంది. చావింటి గడప తొక్కి బాకీ అడగకూడదు, కర్మ అయ్యేదాకా ఆ ఇంటి మీద దావా మాట ఎత్తకూడదు. పగవాడైనా సరే. అత్త అరుగు మీద కాసేపు కూర్చుని, "మహాతల్లి, ఎప్పుడొచ్చినా మజ్జిగ ఇచ్చేది" అని కళ్లొత్తుకుని తిరిగొచ్చేసింది. ప్లీడరుగారికి కబురు కూడా చెయ్యలేదు.

కర్మ అయ్యాక మళ్లీ వెళ్లింది. "గడువు దాటిపోయిందే సత్తెమ్మా. చట్టప్రకారం ఇప్పుడు నేను నీకు బాకీ లేను" అన్నారు షావుకారుగారు. గుండు మీద ఇంకా వెంట్రుకైనా మొలవలేదు, మాట మాత్రం మారిపోయింది! తల్లి చావును అడ్డం పెట్టుకుని బాకీ ఎగ్గొట్టినవాణ్ణి ఏమనాలి? బజారులో కొందరు దాన్ని తెలివి అన్నారు. నాకు ఇప్పటికీ ఒళ్లు మండుతుంది.

దేవదానంగారు తల పట్టుకున్నారు. "నాతో ఒక్క మాట చెబితే దావా పడేసేవాణ్ణి కదమ్మా!"

"చావింటి మీద దావా వేస్తామా అండీ? అయితే నా బాకీ చచ్చిపోయినట్టేనా?"

"బాకీ చావదు. కోర్టు తలుపు మూసుకుపోయింది, అంతే."

"కొట్టు తలుపు తెరిచే ఉంది కదండీ" అంది అత్త.

అప్పటినుంచి ప్రతి సంతరోజూ వెళ్లి ఆ కొట్టు మెట్టు మీద కూర్చునేది. తిట్టలేదు, ఏడవలేదు. సరుకు తెచ్చిన ప్రతివాళ్లకూ, "ఈయన నాకు బాకీ ఉన్నారు. మీరు రొక్కం చేతిలో పడ్డాకే తూకం వేయించండి" అని చెప్పేది. గుమస్తా లేపబోతే, "ముట్టుకుని చూడు, వీధంతా పిలుస్తాను" అంది. వానల్లో తాటాకు గొడుగు పట్టుకుని మరీ కూర్చుంది. ఈలోగా దోనె మునగనే మునిగింది. పొరుగువాళ్ల దోనెలో కూలికి పోతూ కూడా సంతరోజు మానలేదు.

లంకల సరుకు మెల్లగా తాడేపల్లిగూడెం వర్తకుల వైపు మళ్లింది. షావుకారుగారు దిగొచ్చారు. వీధి పెద్దలను పిలిచి, అసలు మొత్తం అత్త ముందు పెట్టించారు. గుమస్తా రసీదు చదివాడు: "సత్తెమ్మ బీదతనానికి జాలిపడి ఇచ్చిన ధర్మం."

"వేలిముద్ర వెయ్యి" అన్నారు షావుకారుగారు.

అత్త చెయ్యి డబ్బు మీదకు వెళ్లింది. కొత్త దోనె అక్కడే ఉంది మరి. చెయ్యి వెనక్కి తీసుకుంది.

"నేనేం బిచ్చానికి రాలేదండీ. బాకీ అని రాయించండి."

"చట్టప్రకారం బాకీ లేదు కదే!"

"మీ అమ్మగారు పోయిన రోజున ఉంది కదండీ. ఆ రోజు నోటు నా కొంగునే ఉంది. ఆవిడ మొహం చూసి తిరిగిపోయాను. అది నేను చేసిన తప్పని మీ నోటితో చెప్పండి, ఈ డబ్బు ముట్టుకోను."

షావుకారుగారు తలెత్తకుండా గుమస్తా చేతిలో కాగితం లాక్కుని చింపేశారు. ఇంకో కాగితం మీద "సరుకు తాలూకు బాకీ" అని తన చేత్తోనే రాశారు. దారినపోయే ఒకాయన చేత దాన్ని చదివించుకున్నాకే అత్త వేలిముద్ర వేసి, డబ్బు కొంగున ముడివేసుకుంది.

"ఇకనైనా నా మెట్టు వదులుతావా?" అన్నారాయన.

"వదుల్తానండీ. కొత్త దోనె వచ్చాక సరుకు తెస్తాను. రొక్కం సిద్ధంగా ఉంచుకోండి."